లోపలికి పీల్చే ఆయ్

గోదావరి జిల్లాల్లో మనిషిని పిలిస్తే పలికే మాట ఆయ్. అవునన్నా ఆయే, సరేనన్నా ఆయే, వింటున్నానన్నా ఆయే, విననప్పుడు కూడా ఆయే. అందరూ దీన్ని బయటికి అంటారు. లోపలికి అనే మనిషి కోనసీమ మొత్తమ్మీద ఒక్కడే ఉండేవాడు. ఆయన గెడ్డం దానం, బాతులంక పోలీసు స్టేషన్లో కానిస్టేబులు. ఇంటిపేరు గెడ్డం, చేసేదేమో మొహాన గెడ్డం కనపడితే మెమో ఇచ్చే ఉద్యోగం. దేవుడు ఆయనతో వేళాకోళం అక్కడే మొదలుపెట్టాడు.

లోపలికి అనడమంటే ఇలాగ. ఎవరైనా "దానం గారూ" అని పిలిస్తే చాలు, ఆయన ఓ పెద్ద గుక్క గాలి పీల్చుకుంటూ, ఆ పీల్చడంలోనే "ఆయ్" అనేవాడు. రొమ్ము పైకి లేచేది, చొక్కా బొత్తాలు బిగుసుకునేవి, మెడ నిటారుగా నిలబడేది. కొత్తవాళ్ళు ఎక్కిళ్ళేమో అనుకుని మంచినీళ్ళు ఇచ్చేవారు. కోడి పోయిందని ఫిర్యాదు చెయ్యడానికొచ్చిన వీరాయమ్మ అనే ముసలావిడ, తన మాట వినగానే పోలీసాయన అంత దిగ్భ్రాంతి చెందడం చూసి కంగారుపడిపోయి, "పోన్లెండి బాబూ, ఒక్క కోడే కదండీ, మీరంత ఇదైపోకండి" అని ఆయన్నే ఓదార్చి వెళ్ళిపోయింది. ఆ కోడి ఏమైందో ఇప్పటికీ తెలీదు.

ఈ అలవాటుకి కారణం తల్లి జ్ఞానమ్మ. దానం తండ్రి ఆ ఊళ్ళోనే ఓ రైతు దగ్గర పాలేరుగా బతుకు వెళ్ళదీశాడు. ఆయనా ఆయ్ అనేవాడే, కానీ అన్నప్పుడల్లా నడుం వంగేది, చూపు నేలమీదికి పోయేది. మిషను బళ్ళో చదువుకున్న కొడుకు పోలీసు ఉద్యోగం సంపాదించి, ఇస్త్రీ ఖాకీలతో గుమ్మంలో నిలబడిన రోజున జ్ఞానమ్మ కళ్ళొత్తుకుని ఒక్క మాటే చెప్పింది. "నాయనా, పెద్దోళ్ళు పిలిత్తే ఆయ్ అను. మర్యాద మర్యాదే. కానీ మీ నాన్నలాగ నేల చూసి అనకు. రొమ్మెత్తి అను."

దానం తల్లి మాట జవదాటే రకం కాదు. రొమ్మెత్తాలంటే గాలి పీల్చాలి, ఆయ్ అనాలంటే నోరు తెరవాలి. రెండూ ఒకేసారి చెయ్యబోతే ఆ చప్పుడొచ్చింది, అదే ఖాయమైపోయింది. అధికారులకీ అదే, భార్యకీ అదే, బడ్డీకొట్టువాడికీ అదే, సంకెళ్ళేసి తీసుకెళ్తున్న దొంగ "కాస్త నెమ్మదిగా నడవండి బాబూ" అన్నా అదే. నవ్వేవాళ్ళు నవ్వారు. తండ్రి వంగిన మాట మీదే కొడుకు నిటారుగా నిలబడ్డాడని మాత్రం ఎవరికీ తోచలేదు.

ఆ దానానికి జీవితంలో ఒకే ఒక్క కోరిక, హెడ్డు కానిస్టేబులు కావాలని. వాళ్ళ పేటలో టీచర్లున్నారు, నర్సులున్నారు, పోస్టుమాస్టరు కూడా ఉన్నాడు. చేతిమీద మూడు పట్టీలున్న హెడ్డు మాత్రం ఒక్కడూ లేడు. వయసు దాటిపోతోంది. ఈసారి తప్పితే ఇంక కానిస్టేబులుగా చేరి కానిస్టేబులుగానే దిగిపోవడం. ఆ మాట తలుచుకుంటే ఆయనకి అన్నం సయించేది కాదు.

ఎమర్జెన్సీ ఎత్తేసిన మరుసటేడు ఖాళీ ఒకటి వచ్చింది. వరసలో ముందున్నది దానమే. కానీ ఖాళీతోబాటు ఓ కొత్త ఆర్డరు కూడా వచ్చింది. ప్రమోషన్లకి సిఫార్సులెక్కువైపోయాయని ఎవరెవరో అర్జీలు పెట్టారట. అందుకని ఇకమీదట సర్వీసు ఉంటే చాలదు, ఒళ్ళు కూడా సరిగ్గా ఉండాలి. పొడుగు కొలుస్తారు, బరువు చూస్తారు. ఊపిరి వదిలినప్పుడు ఛాతీ ఎంతో, పీల్చినప్పుడు ఎంతో చూస్తారు. ఆ రెంటికీ తేడా అయిదు సెంటీమీటర్లుండాలి. ఉంటే ఎవరి సిఫార్సూ అక్కర్లేదు, లేకపోతే ఎవరి సిఫార్సూ చెల్లదు.

ఆ ఆర్డరు విని దానం మనసులో పండగ చేసుకున్నాడు. రొమ్ము సంగతైతే స్టేషన్లో ఆయన్ని మించినవాడు లేడు. ఆయన తర్వాత వరసలో ఉన్న బంగారరాజుని చూస్తే జాలేసేది. ఆ మనిషి ఎండిపోయిన ఈనెపుల్ల. బెల్టు ఆఖరి చిల్లు కూడా చాలక మేకుతో ఇంకోటి పొడుచుకున్నాడు. "పాపం, రాజుగారికి కష్టమేనండి" అని దానం పైకి బాధపడుతూ, లోపల మూడు పట్టీలు కుట్టించేసుకున్నాడు.

కొలతలు కొత్తపేట దగ్గర ఓ కొబ్బరితోటలో, టెంటు వేసి పెట్టారు. డాక్టరుగారు కడప మనిషి. ముందు బంగారరాజు వెళ్ళాడు. ఊపిరి వదిలితే చొక్కా వంకెకి తగిలించినట్టున్న మనిషి, పీల్చేసరికి వానాకాలం కప్పలాగ ఉబ్బాడు. అయిదూ పైన కొంచెం. డాక్టరుగారు తలాడించి రాసుకున్నారు. తర్వాత దానం చొక్కా విప్పి నిలబడ్డాడు. డాక్టరుగారు టేపు చుట్టారు.

"ఊపిరి ఇడువప్పా."

"ఆయ్." రొమ్ము లేచింది.

"పీల్చమన్లేదప్పా. ఇడవమంటి."

"ఆయ్." ఇంకాస్త లేచింది.

"ఇడిసినావా?"

"ఆయ్." ఇంక లేవడానికి చోటు లేదు.

డాక్టరుగారు ఎనభై ఆరని రాసుకుని, "సరే, ఇప్పుడు పీల్చు" అన్నారు. దానం ఆయ్ అన్నాడు. టేపు ఈగ వాలినంత కూడా కదల్లేదు. ఎనభై ఆరే. డాక్టరుగారు టేపు తిప్పి చూశారు, దానాన్ని తిప్పి చూశారు, రొమ్ము మీద వేలితో కొట్టి చూశారు. "మనిషివా, పీపావా అప్పా నువ్వు?" అన్నారు. దానం దానికి కూడా ఆయ్ అన్నాడు.

తేడా సున్నా. ఇంత ఛాతీ పెట్టుకుని ఊపిరాడని మనిషిని తన సర్వీసులో చూడలేదని చెప్పి, డాక్టరుగారు జాలితో పదిహేను రోజులు గడువిచ్చారు. అప్పటికీ ఇంతే ఐతే ఖాళీ బంగారరాజుకి పోతుంది.

దానం సైకిలు తొక్కుకుంటూ ఇంటికొచ్చి, వీధి అరుగుమీద కూలబడ్డాడు. భార్య కృపావతి కుట్టుమిషను మీద జాకెట్టు కుడుతోంది. పేటలో ఆడవాళ్ళందరి జాకెట్లూ ఆవిడే కుడుతుంది. జరిగింది విని మిషను ఆపేసింది.

"ఇదేం పెద్ద జబ్బు కాదండీ. నా దగ్గరికొచ్చే ఆడాళ్ళందరూ అంతేనండి. టేపు చుట్టగానే సన్నంగా కనపడాలని ఊపిరి బిగబడతారు. ఆ కొలతకి కుడితే జాకెట్టు పిగిలిపోద్ది."

"మరి నువ్వేం చేస్తావే?"

"అత్తగారెలా ఉన్నారమ్మా అని అడుగుతానండి. ఉస్సురని మొత్తం వదిలేస్తారు. అప్పుడు కొలుస్తాను."

ఆవిడ లేచి ఆయన రొమ్ముకి టేపు చుట్టి, మొహంలోకి చూస్తూ, "మా అమ్మ ఎలా ఉందండీ?" అని అడిగింది. అల్లుణ్ణి మూడేళ్ళనుంచి పలకరించని అత్తగారు. ఎలాంటి మనిషికైనా నిట్టూర్పు రావాలి. దానం మాత్రం మర్యాదగా, "ఆయ్, బావున్నారండి" అన్నాడు. టేపు చటుక్కున బిగిసి కృపావతి వేలు నలిగింది.

మర్నాడు మధ్యాహ్నం ఆయన భోంచేసి కునుకు తీస్తుంటే ఆవిడ మళ్ళీ టేపు పట్టుకొచ్చింది. గురక లోపలికి పోయినప్పుడు ఒక కొలత, బయటికొచ్చినప్పుడు ఒక కొలత చూసి, సంబరంగా లేపింది. "ఏవండీ, ఆరుందండి మీకు! నిద్దట్లో ఆరుందండి!" ఉన్న ఆస్తి నిద్రలోనే కనపడితే లాభమేముంది? డాక్టరుగారి ముందు గురకపెట్టి పడుకుంటానంటే ఒప్పుకుంటారా అని ఆయన నిజంగానే ఆలోచించాడు. పడుకోబెట్టి కొలవకూడదని ఆర్డర్లో ఎక్కడా లేదని కూడా గుర్తొచ్చింది. ఆ మాట స్టేషను రైటరు దగ్గర అంటే, నవ్వి నవ్వి ఆయన చేతిలో సిరా బుడ్డి ఒలికిపోయింది.

అసలు రోగం ఎక్కడుందో కనిపెట్టినవాడు బంగారరాజు. టెంటులో పక్కనే నిలబడి అంతా చూశాడు కదా. ఒకరోజు డ్యూటీ దిగాక దానాన్ని స్టేషను వెనక కాలవగట్టుకి తీసుకెళ్ళాడు.

"మీ రొమ్ములో తప్పు లేదండి దానం గారూ. తప్పంతా మీ ఆయ్‌లో ఉందండి. ఆయన వదలమంటారు, మీరు ఆయ్ అంటారు, ఆయ్ అంటే గాలి లోపలికి పోతోంది. మర్యాదే మిమ్మల్ని ముంచేస్తందండి."

దానం ఇన్నేళ్ళ సర్వీసులో తన మాట తనే వినలేదు. రొమ్ము మీద చెయ్యేసుకుని ఓసారి ఆయ్ అని చూసుకుని, "రాజుగారూ, నేను తప్పితే ఆ పోస్టు మీదేనండి. మీరు నాకెందుకండీ చెప్పడం?" అని అడిగాడు.

"వరసలో మీ తర్వాతోణ్ణండి నేను. మీకు ఊపిరి వదలడం రాలేదని నాకు పట్టీలిస్తే, అవేసుకుని రేపు మీ పక్కన నడవగలనేంటండి?"

ఆ రోజునుంచి కాలవగట్టు మీద తాలీము మొదలైంది. బంగారరాజు డాక్టరు, దానం పేషెంటు. "ఊపిరి వదలండి" అంటే మాట్లాడకుండా వదలాలి, అంతే. చెప్పడానికి తేలిక. పెద్దమనిషి మాట్లాడితే బదులు పలక్కుండా నిలబడటం గోదావరి వాడికి బట్టల్లేకుండా నిలబడటం లాంటిది. నోట్లో బెల్లంముక్క పెట్టుకుంటే బెల్లం మింగి మరీ ఆయ్ అన్నాడు. నోటికి తువ్వాలు కట్టుకుంటే ముక్కుతో అన్నాడు. చివరికి బంగారరాజు ఆయన నోటినిండా నీళ్ళు పోయించి, "ఇప్పుడనండి చూద్దాం" అన్నాడు. దానం అన్నాడు. నీళ్ళన్నీ సరాసరి పొలమారి, కళ్ళు తేలేసి, గట్టుమీదనుంచి కాలవలోకి జారాడు. పక్కనే ఈదుతున్న బాతులు గోలగోలగా లేచిపోయాయి. బట్టలు పిండుకుంటున్నప్పుడు బంగారరాజు, "పోనీ కాసేపు మీ సర్వీసు మర్చిపోండి, నేనెవరో మీకు తెలీదనుకోండి" అన్నాడు. దానం దగ్గు మధ్యలో దానికీ ఆయ్ అన్నాడు.

గడువు తీరింది. ఆ తోటలోనే ఆ టెంటే. ఈసారి వాళ్ళ ఇనస్పెక్టరుగారు కూడా వచ్చి, కుర్చీలో కూచుని కొబ్బరిబొండం తాగుతున్నారు. ఆయనకి బంగారరాజంటే పడదు. ఓ సాయంత్రం దీపం లేకుండా సైకిలు మీద పోతున్న ఒకాయన్ని బంగారరాజు ఆపి, రివాజు ప్రకారం చక్రాలకి గాలి తీసేశాడు. ఆయన ఇనస్పెక్టరుగారి బావమరిది. ఆ బావమరిది సైకిలు నడిపించుకుంటూ మూడు మైళ్ళు నడిచి, ఇంటికెళ్ళి అక్కతో చెప్పుకుని ఏడ్చాడు.

డాక్టరుగారు టేపు చుట్టి, "ఊపిరి ఇడువప్పా" అన్నారు.

దానం పలకలేదు. ఆయ్ గొంతుదాకా వచ్చేసింది. పళ్ళు బిగించి ఆపాడు. ఆయ్‌తోబాటు ఊపిరి కూడా ఆగిపోయింది. మొహం పండుమిరపకాయైంది, చెవులు కదిలాయి, ఎక్కడో కడుపులోంచి పిల్లి కూత లాంటిదొకటి వచ్చింది. టేపు ఎనభై ఆరు దగ్గరే ఉంది. పీల్చమంటే ఎనభై ఆరున్నర.

"అర!" అన్నారు డాక్టరుగారు టేపు వదలకుండా. "అర సెంటీమీటరుకి అర పట్టీ ఇస్తారేమో అడుగుదామా అప్పా?"

ఇనస్పెక్టరుగారు బొండం పక్కన పెట్టి లేచొచ్చారు. "ఎందుకండీ డాక్టరుగారూ ఈ శ్రమంతాను. అయిదని వేసెయ్యండి. మనోడేనండి. ఏం చెప్పినా ఆయ్ తప్ప ఇంకో మాట ఎరగడు. హెడ్డుగా నాకలాటోడే కావాలి." తర్వాత గొంతు తగ్గించారు. "ఆ బంగారరాజుది మాత్రం నాలుగు చేసెయ్యండి. లేకపోతే రేపొద్దున్న వాడు అర్జీలు పెడతాడు. ఏం దానం? సరే కదా?"

డాక్టరుగారు కలం చేతిలో పట్టుకుని దానం మొహంలోకి చూశారు.

అడిగింది ఇనస్పెక్టరుగారు. జవాబు ఒకటే ఉంది. అది ఆయనకి ఊపిరితో సమానం. అంటే చాలు, మూడు పట్టీలు. దానం ఆశపడ్డాడు, అబద్ధమెందుకు. నోరు కూడా తెరిచాడు.

అప్పుడు టెంటు అవతల, జనం రాకుండా కట్టిన తాడు దగ్గర బంగారరాజు కనిపించాడు. అంత దూరంనుంచి ఆయనకి ఈ మాటలేవీ వినపడవు. దానానికి ఊపిరి వదలడం రావట్లేదనుకుని, బుగ్గలు పూరించి, చేతులూపుతూ, ఉఫ్ ఉఫ్ మని ఊది చూపిస్తున్నాడు, ఇలాగ, ఇలాగ అని. తన నాలుగూ ఐదూ ఇక్కడ తారుమారైపోతుంటే, ఆ పిచ్చిమనిషి అక్కడ ఈనెపుల్ల ఒంట్లో ఉన్న గాలంతా స్నేహితుడికోసం ఊదేస్తున్నాడు. దానానికి సిగ్గేసింది. ఆ సిగ్గులో తల దించేశాడు. దించాక తెలిసింది, తను చూస్తున్నది నేలనని.

"కాదండి!" అన్నాడు.

ఇనస్పెక్టరుగారు తనని కాదనుకుని వెనక్కి చూశారు.

"కాదండి. ఆయనది ఆయనకుండాలండి. నాకు లేకపోతే లేదండి. ఇలాగ ఒద్దండి. నాకస్సలొద్దండి బాబూ!"

సర్వీసులో మొట్టమొదటి కాదండి. ఆయ్ లోపలికి పోయే మాటైతే ఇది బయటికి పోయే మాట. ఒక్కొక్క అండికీ ఇంత గాలి పోయింది. ఏళ్ళతరబడి పీల్చి దాచుకున్నదంతా ఆ నాలుగు మాటల్లో వెళ్ళిపోయింది. రొమ్ము దిగింది, భుజాలు దిగాయి, చుట్టిన టేపు జారి బొడ్డుమీద పడింది.

"కదలాకప్పా! అట్నే ఉండు!" డాక్టరుగారు కేకేసి, వంగి టేపు పైకి లాగి బిగించారు. "ఎనభై! ఎనభై వచ్చె! ఇప్పుడు పీల్చు!"

"ఆయ్!" అన్నాడు దానం అలవాటుగా. తిరుపతి రైలు ఇంజనుకి కూడా అంత ఊపిరుండదు. ఎనభై ఆరు.

"ఆరు!" డాక్టరుగారు తోటంతా వినపడేలాగ అరిచి కాగితం మీద వేశారు. బంగారరాజు తాడు దాటుకుని పరిగెత్తుకొచ్చి, తన ఊదుడే పనిచేసిందని దానాన్ని కావలించుకున్నాడు. ఇనస్పెక్టరుగారు "మరి ఆ నాలుగు సంగతి..." అని నసిగారు. "నాకు టేపు సూసి రాసేదే తెలుసు సార్" అన్నారు డాక్టరుగారు, బంగారరాజు కొలత ఉన్నదున్నట్టు ఉంచేసి.

ఇద్దరికీ కొలత సరిపోయింది కాబట్టి వరస ప్రకారం పోస్టు దానానికి వచ్చింది. బంగారరాజుకి మరుసటేడు వచ్చింది. మూడు పట్టీలూ కృపావతి తన చేత్తోనే కుట్టింది, ఆ చొక్కా చూడ్డానికి పేటంతా వచ్చింది.

కానీ ఒకసారి బయటికొచ్చిన మాట మళ్ళీ లోపలికి పోదు కదా. అది ఆయనకి నోటికలవాటైపోయింది. కొబ్బరికాయలు దొంగిలించినవాణ్ణి వదిలేసి, చెట్టెక్కి కాయలు దింపే కూలీ మీద కేసు రాయమని ఓ ఇనస్పెక్టరుగారు చెప్తే, దానం "కాదండి" అన్నాడు. ఇంకో స్టేషన్లో కొట్లాట కేసులో పెద్దల అబ్బాయి పేరు తీసెయ్యమంటే "ఒద్దండి" అన్నాడు. గట్టిగా కూడా అనేవాడు కాదు. ఎంతో మర్యాదగా, అండి తగిలించి మరీ అనేవాడు. దాంతో ఎనభైల్లో సగం కాలం ఆయన ఈ లంకనుంచి ఆ లంకకి, ఆ లంకనుంచి ఇంకో లంకకి బదిలీల మీద తిరుగుతూనే ఉన్నాడు. ఎక్కడా రెండు కొబ్బరి దింపులు, అంటే మూడు నాలుగు నెలలు, దాటి ఉండనిచ్చిన పాపాన పోలేదు.

అలాంటి ఓ బదిలీకి గోదారి పాయ దాటుతున్నప్పుడు, సామానుతోబాటు కుట్టుమిషను కూడా పడవలోకెక్కిస్తూ సరంగు రాఘవులు విసుక్కున్నాడు. "మొన్నే కదండమ్మా మిమ్మల్ని ఇటేపు దింపేను. మళ్ళీ అటేపంటారు. మీ ఆయన ఏం తప్పు చేసేరండీ?"

దానం పడవ ముందు వైపు నిలబడి అవతలి ఒడ్డు చూస్తున్నాడు. కృపావతి మిషను చక్రం తడవకుండా పైట కప్పి, తల పైకెత్తింది.

"తప్పేం కాదండి. ఆయన హెడ్డుగారండి. ఆ పట్టీలు అందరికీ ఊరికినే ఇచ్చేరు. మా ఆయనకి మాత్రం కొలిచిచ్చేరండి."